నాదే అన్న జాగ

జగదల్‌పూర్‌లో బుల్డోజర్‌కు ఎదురు నిలబడి ఆపిన మనిషిని నేనొక్కడినే. ఒక చేతిలో సాంబారు గరిటె, ఇంకో చేతిలో చట్టం. డ్రైవర్ హారన్ మీద హారన్ కొట్టాడు. నేను కదల్లేదు. "వీధి వ్యాపారుల చట్టం ఏమంటుందో తెలుసా నీకు? సర్వే పూర్తయి కార్డులిచ్చేదాకా ఏ ఠేలానీ, ఏ తోపుడుబండినీ ముట్టుకునే హక్కు ఎవరికీ లేదు!" అని హిందీలో గర్జించాను. గోడ మీది పావురాలన్నీ ఒక్కసారి లేచిపోయాయి. బుల్డోజర్ వెనక్కి తిరిగింది. అరవై ఠేలాలు బతికాయి.

ఈ కథను నేను ఇడ్లీ తినడానికి వచ్చిన ప్రతి కొత్త మనిషికీ చెప్పాను. బస్సులో పక్క సీటువాడికి చెప్పాను. పన్ను పీకించుకోవడానికి పోయి, నోట్లో దూది పెట్టేలోపు డాక్టరుకు కూడా చెప్పాను. మొదటిసారి చెప్పినప్పుడు ఠేలాలు ఇరవై. ఏడాది తిరిగేసరికి నలభై అయ్యాయి. ఠేలాలు పిల్లల్ని పెడతాయని నాకు అప్పుడే తెలిసింది.

ఇప్పుడు డెబ్బై దాటాను. మోకాళ్లు అరిగాయి, నాలుక మాత్రం అరగలేదు. కానీ ఈ మధ్య ఒక పని మీద కాగితం మీద నిజం రాయాల్సి వచ్చింది. కాగితం ముందు కూర్చుంటే తెలిసింది, నోటికి ఉన్న ధైర్యం చేతికి ఉండదని. అందుకని మొదట్నుంచీ చెబుతాను.

అక్కడ ఉన్నవి పదకొండు ఠేలాలు. అందులో ఒకటి చక్రం విరిగి ఏడాదిగా కదలనిది, దాని మీద ఒక కుక్క కాపురం. ఆ బుల్డోజర్ మమ్మల్ని కూల్చడానికి రాలేదు. వెనక మురుగుకాలువ తవ్వడానికి వచ్చింది. దారి ఇరుకు కాబట్టి అడ్డం తీయమన్నారు. నా చేతిలోని ప్లాస్టిక్ కవర్లో ఉన్నది చట్టం కాదు, నా బీపీ మందుల చీటీ. ఎవరో సంఘంవాళ్లు ఇచ్చిపోయిన చట్టం జిరాక్స్ ఇంట్లో పిండి డబ్బా కింద ఉంది. గర్జించిన మాట నిజమే. అయితే బుల్డోజర్ వెనక్కి తిరిగి మూల మలుపు దాటాక గర్జించాను.

మరి ఎవరు ఆపారు? మా మరదలు.

మరదలంటే తోడబుట్టిన వరస కాదు. నాది తెలంగాణ సరిహద్దు పక్కన ఉన్న మరైగూడ. మా ఆవిడది ఆ పక్క ఊరు. ఈమెదీ అదే ఊరు. ఆమెది దొర్ల గిరిజనుల ఇల్లు, మాది రైతు కుటుంబం. కానీ ఒక ఊరి ఆడపిల్లలు అక్కచెల్లెళ్లే కాబట్టి మా ఆవిడ ఆమెకు అక్క, నేను బావను. నాకంటే పదేళ్లు చిన్న. భర్త పోయాక జగదల్‌పూర్ చేరి, బస్టాండు పాత గోడ పక్కన నా ఇడ్లీ ఠేలాకు ఆనుకుని కూర్చునేది. అడ్డాకు దొప్పలు, విస్తర్లు, వేపపుల్లలు, కాలాన్ని బట్టి చింతపండు, వెదురు కొమ్ములు అమ్మేది. నేను ఇడ్లీ పెట్టేది ఆమె కుట్టిన దొప్పల్లోనే. వెదురు పుల్లను సన్నగా చీల్చి, రెండు ఆకుల్ని ఎంత గట్టిగా కుట్టేదంటే, సాంబారు పోసుకుని మనిషి బస్సెక్కి సీటు వెతుక్కునేదాకా ఒక్క చుక్క కారేది కాదు. ఆమెకు ఠేలా లేదు. ఒక చదును బండ ఉంది. దాని మీద గోనెసంచి మడిచి వేసుకుని కూర్చునేది.

ఆ రోజు బుల్డోజర్ రాగానే మేమందరం తలా ఒక దిక్కు లాక్కోవడం మొదలుపెట్టాం. నేనైతే గ్యాస్ పైపు కూడా పీకేశాను. ఆమె మాత్రం లేవలేదు. డ్రైవర్ హారన్ కొట్టాడు. ఆమె దొప్ప కుడుతూనే ఉంది. వెంట వచ్చిన సూపర్‌వైజర్ దిగి, "ఉఠో, ఉఠో" అన్నాడు. ఆమె తలెత్తి హిందీలో ఒకటే అడిగింది. "లేస్తాను బాబూ. లేచి ఎక్కడ కూర్చోవాలో అది చెప్పు."

ఆ మనిషి పక్కకు పోయి ఆఫీసుకు ఫోన్ చేశాడు. ఆఫీసువాళ్లు, అక్కడ సర్వే ఇంకా కాలేదు, ఎవరినీ లేపొద్దు, కాలువ అటువైపు నుంచి తవ్వుకొమ్మన్నారట. అంతే. బుల్డోజర్ పోయింది. చట్టం చదవనామె చట్టంలో ఉన్న మాటే అడిగింది. చట్టం జిరాక్స్ ఉన్నవాడు గ్యాస్ పైపు పీక్కుని నిలబడ్డాడు.

మర్నాటికల్లా ఆ గర్జన సంగతి నేనే ప్రచారం చేసుకున్నాను. నన్ను నేతా అనడం మొదలుపెట్టారు. ఆమె పక్కనే కూర్చుని అన్నీ వినేది. ఒక్కసారి కూడా మనుషుల ముందు నా మాట కొట్టేయలేదు. వాళ్లు పోయాక మాత్రం అడిగేది.

"ఏంది బావా, ఇయ్యాల అరవై అయినయా? నిన్న నలభైయే గదా?"

"సంతలో సరుకు పెరగదా మరదలా?"

"పెరుగుతది. ఆ గోడ మీది పిట్టల్ని గూడ లెక్కల పట్టినట్టున్నవ్."

మా ఆవిడ చట్నీ గిన్నె మీద మూత పెడుతూ నవ్వేది. నేనూ నవ్వేవాడిని.

సర్వే సంగతి చెప్పే ముందు మా సంతల్లో ఒక పద్ధతి గురించి చెప్పాలి. మా వైపు సంతలో జాగకు కాగితం ఉండదు. ఎవరి బండ ఎక్కడ ఉంటే అది వాళ్ల జాగ. ఆ మనిషి రాని రోజున, పక్కన కూర్చునేవాళ్లు తమ గోనెసంచిని ఆ జాగ మీదకు కూడా పరుస్తారు. రాని మనిషి బండను ఆ సంచి మీదనే ఉంచుతారు. కొత్తవాడెవడైనా వచ్చి "ఇదెవరిది?" అంటే "నాదే" అంటారు. అది అబద్ధం కిందికి రాదు. కాపలా మాట. పోయిన మనిషి తిరిగొచ్చాక సంచి మడిచి "నీ జాగ నీకు" అనాలి. వాళ్లు తెచ్చినదాంట్లో ఒక పిడికెడు ఇస్తారు, ఇప్పపువ్వో, చింతపండో, ఏది ఉంటే అది. అది కిరాయి కాదు. మాట నిలబడిందని గుర్తు. ఈ పద్ధతిని మేం మరైగూడ వైపు నుంచి జగదల్‌పూర్ దాకా మోసుకొచ్చాం. నేను ఎన్నిసార్లు ఊరికి పోయినా, జ్వరంతో పడుకున్నా, నా ఠేలా జాగను ఆమె అలాగే కాచింది.

ఎండాకాలంలో విత్తనాల పండగకు ఆమె ఊరికి పోవాలి. ఆ పండగ చేయందే వాళ్ల ఇళ్లలో విత్తనం మట్టిలో పడదు. బస్సెక్కుతూ కిటికీలోంచి అరిచింది.

"బావా, నా జాగ సూడు!"

"నేనున్నా గదా!" అన్నాను, పదిమందికి వినిపించేలా.

ఆమె పోయిన నాలుగో రోజున మైకు కట్టిన ఆటో వచ్చింది. ఎల్లుండి సర్వే, వ్యాపారులందరూ ఆధార్ కార్డుతో తమ తమ జాగల్లోనే ఉండాలి, ఫోటో తీస్తారు, అందులో పేరున్నవాళ్లకే కార్డు వస్తుంది అని హిందీలో చెప్పుకుంటూ తిరిగింది. ఆమె ఊరి మీదుగా పోయే కోంటా బస్సు డ్రైవర్ రోజూ పొద్దున నా దగ్గరే రెండు ఇడ్లీలు తిని బస్సెక్కుతాడు. ఆయనకు ఒక్క మాట చెబితే సాయంత్రానికి ఆమెకు అందేది. మర్నాటి బస్సుకు ఆమె వచ్చేసేది. మా ఆవిడ చెప్పింది కూడా. "చెల్లెకు కబురంపు." నేనేమన్నానో గుర్తుంది. "ఇక్కడ నేతా ఉండగా ఆమె ఎందుకే, పండగ పాడు చేసుకుని?" అన్నాను.

సర్వే రోజున ఇద్దరు ఉద్యోగులు వచ్చారు. ఫోన్ పట్టుకున్న ఒక అమ్మాయి, టేపు పట్టుకున్న ఒక మనిషి. నా ఆధార్ తీసుకున్నారు. ఠేలా వెనక నన్ను నిలబెట్టి ఫోటో తీశారు. నేను మీసం దువ్వుకున్నాను. అప్పుడు ఆ అమ్మాయి గోడ పక్కన పరిచిన సంచిని, దాని మీది బండను చూపించి, ఇదెవరిదని అడిగింది. "యే కిస్‌కా హై?"

"మేరా హై" అన్నాను, నాదే అని.

నోరు అలవాటు కొద్దీ అన్నది. ఆ మాట దాకా తప్పు లేదు. సంతలో ఎవరైనా అదే అంటారు. కానీ ఆ అమ్మాయి సంతలో పుట్టిన మనిషి కాదు. మంచిది పాపం, మళ్లీ అడిగింది. "దోనోఁ ఆప్ కా?" రెండూ మీవేనా అని. అప్పుడు నేను, ఇది ఫలానా ఆమెది, ఊరికి పోయింది, రాసుకోండి అని చెప్పొచ్చు. ఆమె పేరు నాకు తెలుసు, ఊరు తెలుసు, ఎన్నేళ్లుగా కూర్చుంటుందో తెలుసు. టేపు పట్టుకున్న మనిషి అప్పటికే నా ఠేలా మొదటి చక్రం దగ్గర టేపు పెట్టి గోడవైపు నడుస్తున్నాడు. టేపు సాగుతుంటే నా ప్రాణానికి హాయిగా ఉంది. ఠేలా అయిపోయింది, సంచి వచ్చింది, బండ వచ్చింది, గోడ వచ్చింది. "దోనోఁ" అన్నాను.

వాళ్లు పోయాక మా ఆవిడ ఒకటే అడిగింది.

"చెల్లె జాగ గూడ నీ పేరు మీదనే రాయించినవా?"

"రాయించలే. కాపాడిన. లేకుంటే ఖాళీ జాగ అని రాసుకుని పోతుండె."

"ఆమె పేరు చెప్పలేవా?"

"మనిషి లేకుండ పేరు రాయరే, నీకు తెల్వదు."

రాస్తారో రాయరో నాకు కూడా తెలియదు. నేను అడగలేదు గదా.

వారం తర్వాత ఆమె వచ్చింది. నెత్తి మీద ఆకుల మోపు, చేతిలో ఆకు పొట్లం. నేను సంచి మడిచి, గొంతు సవరించుకుని, "నీ జాగ నీకు మరదలా" అన్నాను. ఆమె పొట్లం విప్పి నా చేతిలో పెట్టింది. తునికి పండ్లు. పసుపు పచ్చగా ముగ్గినవి. వాటి గుజ్జు నాలుకకు పట్టుకుంటే ఒక పట్టాన వదలదు. మూడు పండ్లు ఆమె ఎదుటే తిన్నాను. "బాగున్నయా బావా?" అంది. బాగున్నయన్నాను. నిజంగానే బాగున్నాయి.

కొన్నాళ్లకు కార్డులొచ్చాయి. నా ఫోటో, నంబరు, కింద నిబంధనలు, పైన మెరిసే ప్లాస్టిక్. దాన్ని ఠేలాకు వేలాడదీశాను. తర్వాత రోడ్డు పక్కన పసుపు గీతలు గీశారు. ఒక్కొక్కరికి ఒక్కో గడి, గడిలో నంబరు. నా గడి మిగతావాటికంటే పొడుగు. గోడ దాకా పోయింది.

మరదలు తన బండ మీద కూర్చుని గీత వైపు చూసింది.

"బావా, ఈ గీత నా కిందికెల్లి పోతుంది."

"పోతే పోనీ. రంగే గదా."

"నంబరు?"

"మీటింగ్‌ల చెప్తా. సర్వేల తప్పినోళ్లకు కమిటీ చిట్టీ రాసిస్తది. చట్టంల ఉంది. మల్ల దరఖాస్తు పెట్టుకోవచ్చు."

"నువ్వు చెప్తే అయితది" అంది. నమ్మకంగా అంది. ఎగతాళి లేదు. అరవై ఠేలాల మాట నమ్మని మనిషి, ఈ మాట నమ్మింది.

వ్యాపారుల తరఫున మున్సిపాలిటీ కమిటీ మీటింగ్‌కు పిలిచినవాళ్లలో నేనూ ఉన్నాను. పోయాను. సమోసా తిన్నాను, టీ తాగాను. నీళ్ల కుళాయి గురించి మాట్లాడాను. చెత్తబుట్టల గురించి చాలా బాగా మాట్లాడాను, చప్పట్లు కొట్టారు. ఆమె సంగతి ఎత్తలేదు. ఎత్తితే, ఆమె జాగ ఎక్కడిదని అడుగుతారు. అడిగితే నా గడి కొలవాలి. తిరిగొచ్చి ఆమెతో "చెప్పిన, రాసుకున్నరు" అన్నాను. ఆ తర్వాత సర్వేలో తప్పిన నలుగురైదుగురికి దరఖాస్తులు నేనే నింపి పెట్టాను. చెప్పులు కుట్టేవాడికి, జామపండ్లామెకు, తాళాలు బాగుచేసేవాడికి. వాళ్లందరికీ చిట్టీలొచ్చాయి. ఆమె దరఖాస్తు మాత్రం రేపు, రేపు అంటూ పోయింది. పక్కనే ఉంది గదా, ఎటుపోతుంది అనుకున్నాను.

ఇక ఆ తనిఖీ రోజు. ఈ మాట ఇన్నేళ్లు ఎవరికీ చెప్పలేదు.

కార్డు ఉన్నవాళ్లే కూర్చుంటున్నారా లేదా అని ఒక అధికారి వచ్చాడు. కార్డు మీద నిబంధన ఉంది, గడిని గానీ అందులో కొంత భాగాన్ని గానీ ఎవరికీ కిరాయికి ఇవ్వకూడదని. ఇస్తే కార్డు రద్దు. ఆయన నా కార్డు చూశాడు. గడి చూశాడు. గడిలో ఆ చివర కూర్చున్న మరదల్ని చూశాడు. "ఈమెకు కిరాయికి ఇచ్చావా?" అని అడిగాడు. కార్డు పోతే ఈ వయసులో నేనూ నా ముసల్దీ ఏమైపోవాలి? ఆ భయంలో నోరు జారింది. "నాకేం సంబంధం లేదు సాహబ్. వద్దన్నా వచ్చి కూర్చుంటుంది" అన్నాను.

హిందీ ఆమెకు నాకంటే బాగా వచ్చు.

ఆమె చేతిలో ఉన్న దొప్ప సగం కుట్టి ఉంది. దాన్ని పూర్తిగా కుట్టింది. పుల్ల కొస తుంచింది. ఆ రోజు దొప్పలన్నీ ఒకదాంట్లో ఒకటి పేర్చి తెచ్చి మా ఆవిడ చేతికిచ్చింది. "అక్కా, ఇయ్యాల్టి దొప్పలు" అంది. బుట్ట నెత్తిన పెట్టుకుంది. నా వైపు చూడలేదు, చూసి ఉంటే బాగుండేది. ఒక తిట్టు తిట్టినా బాగుండేది. బండ బరువైనది, అది అక్కడే ఉండిపోయింది.

మర్నాడు రాలేదు. ఆ మర్నాడూ రాలేదు. జాగ ఊరికే ఖాళీగా ఉంటే ఎవడో ఒకడు వచ్చి కూర్చుంటాడని, ఒక వారం తర్వాత అక్కడ ఒక బెంచీ వేయించాను. ఎదురుగా ఉన్న దోశల ఠేలావాడికి ఎప్పట్నుంచో బెంచీ ఉంది. నా దగ్గర నిలబడి తిన్నవాళ్లు ఆయన దగ్గరికి పోయి కూర్చుని తినేవాళ్లు. బెంచీ పడ్డాక మనుషులు కూర్చోసాగారు. కానీ దొప్పలు లేవు. కాగితం ప్లేట్లు తెచ్చాను. సాంబారు పోస్తే రెండు నిమిషాలకు అడుగు మెత్తబడి, మనుషుల ఒళ్లో పడేది. "ఆ ఆకులమ్మే ఆమె ఏది?" అని అడిగేవాళ్లు. "ఊరికి పోయింది" అనేవాడిని. ఆమె బండను నా ఠేలా చక్రం కింద అడ్డంగా పెట్టుకున్నాను. రోజూ పొద్దున కాలితో నెట్టి పెట్టేవాడిని. అది నేను చేసిన అన్ని పనుల్లోకీ చిన్న పని. నాకు ఎక్కువగా గుర్తొచ్చేది మాత్రం అదే.

మా ఆవిడ నాతో గొడవ పడలేదు. ఆ బెంచీ మీద మాత్రం ఇప్పటిదాకా కూర్చోలేదు. ఎవరూ లేనప్పుడు కూడా బకెట్టు బోర్లించి దాని మీదే కూర్చుంటుంది. నడుం నొప్పని మూలుగుతుంది. "బెంచీ ఉంది గదే" అంటే, వినపడనట్టు చట్నీ కలుపుతుంది.

మరదలు సుక్మాలో తమ్ముడింటికి చేరిందని బస్సువాళ్ల ద్వారా తెలిసింది. అక్కడ వారానికొక రోజు సంతలో కూర్చుంటుందట. మిగతా రోజులు ఇటుకలు మోయడానికి పోతుందట. అరవై దాటిన మనిషి. ఆ చేతులు ఇటుకలు మోసే చేతులు కావు. సుక్మాకు పోయే బస్సులు రోజూ నా ముందు నుంచే కదులుతాయి. ఒక్క రోజు కూడా ఎక్కలేదు.

ఈ మధ్య మళ్లీ మైకు ఆటో వచ్చింది. ఐదేళ్లకోసారి మళ్లీ సర్వే చేయాలని చట్టంలో ఉంది. అదే మాట, అదే హిందీ. మా ఆవిడ ఆటో దాటిపోయేదాకా విని, బకెట్టు మీది నుంచి లేవకుండానే అంది.

"ఈసారన్న డ్రైవర్‌తో కబురంపు."

"కబురు కాదు, నేనే పోతా."

"పోయి ఏం చెప్తవ్? అరవై ఠేలాల కథా?"

నేను నోరు మూసుకున్నాను. నా జీవితంలో అలాంటి సందర్భాలు తక్కువ.

కమిటీకి ఇవ్వాల్సిన దరఖాస్తు ఒకటి, దానితోపాటు నా వాంగ్మూలం ఒకటి తయారుచేశాను. నా గడిలో గోడవైపు సగం నాది కాదు, ఆమెది, దాన్ని నా కార్డులోంచి కోసి ఆమె పేరు మీద రాయండి అని. కమిటీ ఒప్పుకుంటుందో లేదో తెలియదు. కానీ పక్కవాడే స్వయంగా రాసిస్తే బలం ఉంటుందని ఆఫీసులో గుమస్తా అన్నాడు. ఆమె సంతకం కావాలి. ఎన్నేళ్లు కూర్చుంది, ఎందుకు లేచిపోయింది అన్న గడులు నింపాలి. సర్వే లోపు ఆమె వచ్చి తన జాగలో కూర్చుని ఉండాలి. లేకపోతే ఇంకో ఐదేళ్లు. ఇంకో ఐదేళ్లకు నేనుంటానో లేదో, ఆమె నడుం ఉంటుందో లేదో.

సుక్మా సంతలో ఆమెను వెతకడం కష్టం కాలేదు. అడ్డాకుల వాసన పట్టుకుని పోయాను. అంటే కొంచెం పెంచి చెబుతున్నాను, ఇద్దర్ని అడిగాను. ఒక తాటిపత్రి పట్టా కింద కూర్చుని ఉంది. జుట్టు పూర్తిగా నెరిసింది. చేతివేళ్ల చివర్లు పగిలి, వాటికి గుడ్డపేలికలు చుట్టుకుని ఉంది. ఆ వేళ్లతోనే దొప్ప కుడుతోంది.

నన్ను చూసి కుట్టడం ఆపలేదు.

"ఏంది బావా, ఈడికొచ్చినవ్? ఇక్కడ గూడ బుల్డోజర్ వచ్చిందా?"

"లేదు మరదలా."

"మరి నువ్వు ఆపేటిది ఏముంది ఈడ?" అని, పక్కనున్న సంచి జరిపి, "కూసో. మోకాళ్లు మంచిగున్నయా?" అంది.

"మంచిగ లేవు."

"అక్క?"

"బకెట్టు మీద కూసుంటంది."

ఆమెకు అర్థం కాలేదు. నేను చెప్పలేదు. కాగితాలు తీశాను. సర్వే సంగతి చెప్పాను. నా గడి సగం కోయించే సంగతి చెప్పాను. ఆమె విన్నది. ఒకామె వచ్చి విస్తర్లు అడిగితే ఇచ్చి పంపింది.

"పాత జాగేనా?" అంది.

"పాతదే. గోడ పక్కనే. నీ బండ గూడ ఉంది."

"చక్రం కింద ఉందంట గదా."

బస్సువాళ్లు నాకు వార్తలు తెచ్చినట్టే ఆమెకూ తెచ్చారన్న మాట. నేను అరికాలు గోక్కున్నాను.

"తీసిన. కడిగి పెట్టిన" అన్నాను. అది నిజం. బస్సెక్కే ముందు మా ఆవిడ కడిగి పెట్టింది.

"సరే, సదువు. ఏం రాసినవో ఇని పెడత సంతకం. మా తమ్ముని బిడ్డ నేర్పింది నాకు" అంది. కొంచెం గర్వంగా అంది.

నేను కళ్లజోడు పెట్టుకుని హిందీలో రాసింది తెలుగులో చెప్పుకుంటూ చదివాను. నాకు రాయడం బాగా వచ్చు, కొంచెం అలంకారంగానే రాశాను. ఆమె సర్వే నాడు ఊళ్లో లేదని, నేను జాగ నాదని చెప్పానని, అది నా తప్పని. అంతవరకు ఆమె తలూపింది. పెన్ను తీసుకుంది. ఎందుకు లేచిపోయింది అన్న గడి దగ్గరికి వచ్చాను. 'తనిఖీకి వచ్చిన అధికారి ఈమె గురించి నన్ను నిలదీసి అడిగినందున, కార్డు పోతుందన్న భయంతో, నాకు సంబంధం లేదని నేను చెప్పవలసి వచ్చింది. ఆ మాటకు మనసు నొచ్చుకుని ఈమె జాగ విడిచిపోయింది. తదుపరి అది ఖాళీగా ఉన్నందున బెంచీ వేయడమైనది.' చదివి, కళ్లజోడు తుడుచుకున్నాను. ఇంత నిజం నేను ఎన్నడూ రాయలేదు.

ఆమె పెన్ను కాగితం మీద పెట్టలేదు.

"ఎవరు అడిగిండ్రు?" అంది.

"ఆ సాహబ్. తనిఖీకి వచ్చినాయన."

"ఆయన అడగలే బావా. నీ కార్డు చూసి మంచిగుంది అన్నడు, ఇడ్లీ తిన్నడు, చెయ్యి కడుక్కుంటుండె. పోయేటాయన్ని నువ్వే పిలిచి చెప్పినవ్."

"అది భయంల…"

"భయం ఏంది? ఆ ముందు రోజే బెంచీ తెచ్చి గోడకు ఆనిచ్చినవ్. పొద్దున నేనొచ్చి చూస్తే దాని కాలు నా బండ మీద ఉండె. నేనే జరిపి కూసున్న. అది రాసుకరా, సంతకం పెడత."